రెండు వేళ్ళ మందం

నా చిన్నప్పుడు మా తాతయ్య పొలం గట్టు చెక్కుతుంటే దారిన పోయేవాళ్ళు నిలబడి చూసేవారు. గట్టు చెక్కడంలో చూడ్డానికేముంది అనుకుంటారేమో. మంగలి నున్నగా గడ్డం గీసినట్టుండేదండీ ఆ పని. తొలకరి పడి నేల మెత్తబడగానే పార భుజాన వేసుకుని వెళ్ళేవాడు. ఈ చివర మొదలుపెట్టి ఆ చివర దాకా, మా వైపు గట్టు పక్కని ఒకే మందాన కోసుకుంటూ పోయేవాడు. గడ్డి వేళ్ళతో సహా ఊడి మా మడిలో పడేది. ఎండ్రకాయల బొక్కలూ ఎలక కన్నాలూ అన్నీ బయటపడేవి. పని అయ్యాక నాలుగడుగులు వెనక్కి వేసి, నడుం మీద చెయ్యి పెట్టుకుని, తల ఓ పక్కకి వంచి చూసుకునేవాడు. పెళ్ళిచూపుల నాడు నన్ను కూడా ఇంతసేపు చూడలేదు ఈ మనిషి అని మా నాయనమ్మ ఉడుక్కునేది.

మా ఊరు పెందుర్తికీ సబ్బవరానికీ మధ్యన. రోడ్డు మీద బస్సు దిగి మైలు దూరం నడవాలి. మాకున్నది పెద్ద పొలమేమీ కాదు, తొమ్మిది మంది తినడానికి సరిపోయేదంత. ఆ పొలంలో, గట్టుకి దగ్గరగా, మా తాతయ్య వయసులో ఉండగా తవ్విన నుయ్యి ఉండేది. ఇంట్లో తాగడానికీ, గేదెలకీ, వానలు మొహం చాటేస్తే నారుమడికీ ఆ నీళ్ళే. ఎంత ఎండాకాలమైనా అందులో నీళ్ళు ఎండగా నేను చూడలేదు.

గట్టుకి అవతలి పొలం ఇంకో తాతది. చుట్టరికం ఏమీ లేదు గానీ మా తాతయ్యా ఆయనా ఒకరినొకరు బావా అని పిలుచుకునేవారు. నేను ఆయన్ని గట్టు తాత అనేదాన్ని. ఆయన తీరే వేరు. పార పట్టుకుని చెక్కడం ఆయనకి సరిపడదు. గట్టు మీద తన వైపు అంచున వరసగా కందులు వేసుకునేవాడు. మొక్కల మొదళ్ళకి బలం ఉండాలని ఏటా తన మళ్ళోంచి బురద ఎత్తి, తన వైపు గట్టుకి చేత్తో మెత్తేవాడు. మా నాయనమ్మ అరుగు అలికినంత శ్రద్ధగా మెత్తేవాడు. చలికాలంలో కాయ పాలు పోసుకుంటుందనగా కోసి, ఉప్పేసి ఉడకబెట్టి, తుండుగుడ్డలో మూటగట్టి తెచ్చేవాడు. గట్టు మీద గొంతుక్కూర్చుని, “ఓలే గుంటా, దా, తిను” అని కేకేసేవాడు. ఆ కేక వినబడితే నేను అన్నం ముందు నుంచైనా లేచి పరిగెత్తేదాన్ని. వేడివేడి కందికాయ పళ్ళ మధ్య పెట్టి లాగితే గింజలు నోట్లో జలజలా రాలేవి. ఆ రుచి ఇప్పటికీ నాలిక మీదుంది.

నాకు తొమ్మిదో ఏడు వచ్చేసరికి మా వైపు గాలి మారింది. ఉక్కు కర్మాగారం వస్తోందని ఒకటే మాట. పోర్టులో పనికని గోదావరి, కృష్ణా జిల్లాల నుంచి కుటుంబాలకి కుటుంబాలే దిగుతున్నాయి. ఇళ్ళ స్థలాల కోసం వెతుక్కుంటూ జనం పెందుర్తి దాటి మా దాకా వచ్చేశారు. గట్టు తాత కొడుక్కి పోర్టులో ఉద్యోగం. ఆయన ఓ ఆదివారం ఎవరినో వెంటబెట్టుకొచ్చి టేపుతో పొలం కొలిపించాడు. కాగితంలో ఉన్నదానికీ నేల మీద ఉన్నదానికీ, గట్టు పొడుగునా మూడడుగుల పైచిలుకు తేడా వచ్చింది. వాళ్ళకి తగ్గింది. మరి ఆ తగ్గింది ఎటు పోయింది? గట్టుకి ఇవతలకే కదా పోతుంది!

మొదట మాటలు. తర్వాత కేకలు. ఆ తర్వాత విశాఖపట్నం కోర్టులో దావా. పొరుగువాళ్ళు గట్టు జరుపుకుని మా భూమి కలిపేసుకున్నారు, మాది మాకు ఇప్పించండి అని గట్టు తాత పేరు మీద వేయించాడు కొడుకు. మూడడుగుల నేల పోతే పోయింది, ప్రాణం పోదు. కానీ ఆ మూడడుగుల్లోకి మా నుయ్యి కూడా వస్తుంది. భూమి మాది కాగానే నుయ్యి పూడ్చేసి స్థలాలు అమ్మేస్తానని ఆ కొడుకు బస్సు దగ్గర నలుగురి ముందూ అన్నాడు. ఆ మాట మా ఇంటికి చేరిన రోజు మా నాయనమ్మ పొయ్యి వెలిగించలేదు.

కోర్టువారు ముందుగా ఒక ఉత్తర్వు ఇచ్చారు. తేలేదాకా ఆ గట్టు మీద ఎవరూ చెయ్యి వెయ్యకూడదు. చెక్కకూడదు, మెత్తకూడదు. మా తాతయ్యకి అది జైలు శిక్షలా అయిపోయింది. గట్టు మీద గడ్డి మోకాలెత్తు లేచింది. రోజూ వెళ్ళి దూరం నుంచి చూసి, నిట్టూర్చి వచ్చేసేవాడు.

ఇక వాయిదాలకి వెళ్ళడం ఒక పెద్ద తంతు. కోర్టు వేళకి మా ఊరి నుంచి ఉన్నది ఒక్కటే బస్సు. దావా వేసిన ఆయనా, వేయించుకున్న ఆయనా అదే బస్సు ఎక్కాలి. ఒకరు ముందు, ఒకరు వెనక కూర్చునేవారు. కోర్టు వరండాలో బెంచీ కూడా ఒక్కటే. ఈ చివర ఒకరు, ఆ చివర ఒకరు. వాయిదా పడ్డాక మళ్ళీ అదే బస్సు. పొద్దున్నే చెరో చద్దన్నం మూటా పట్టుకుని రోడ్డు మీద నిలబడి, ఒకరి మొహం ఒకరు చూసుకోకుండా బస్సు కోసం ఒకే వైపు చూస్తూ ఉండేవారు. అలా రెండేళ్ళు.

ఇద్దరూ కోర్టులో చెప్పిందేమిటయ్యా అంటే, ఇద్దరూ ఒకే మాట. ఈ చెయ్యితో పిడికెడు మట్టి ఆ గట్టు మీద వేసి జరపలేదని మా తాతయ్య. నా వైపు నుంచి పిడికెడు మట్టి కొయ్యలేదు, గట్టు నేను నా లోపలికి ఎందుకు తెచ్చుకుంటానని గట్టు తాత. ఇద్దరూ ప్రమాణం చేసే చెప్పారు. ఇద్దరూ నిజమే చెప్పారని అప్పుడు ఎవరికి తెలుసు?

నాకైతే అస్సలు తెలీదు. మా తాతయ్యని దొంగ అన్నారు, అంతే తెలుసు. ఆ చలికాలం, దావాకి ముందే నాటిన కందులు కాశాయి. ఒక సాయంత్రం నేను నూతి దగ్గర బిందె కడుగుతుంటే, “ఓలే గుంటా, దా” అని వినబడింది. గట్టు తాత తుండుగుడ్డ మూటతో నిలబడి ఉన్నాడు. కోర్టు కోర్టే, కందికాయలు కందికాయలే అనుకున్నాడు కాబోలు. నేను వెళ్ళాను. మూట అందుకున్నాను. అందుకుని, ఆయన చూస్తుండగానే విప్పి మొత్తం నూతిలో కుమ్మరించేశాను. “దొంగోళ్ళ కందికాయలు మాకేటీ వొద్దు” అన్నాను.

గట్టు తాత తిట్టినా బాగుండేది. తుండుగుడ్డ కోసం చెయ్యి చాచాడు. ఇచ్చాను. దులిపి భుజాన వేసుకుని వెళ్ళిపోయాడు. నేను ఏదో ఘనకార్యం చేసినట్టు ఛాతీ విరుచుకుని ఇంటికి వచ్చాను గానీ, ఎవరికీ చెప్పలేదు. చెప్పలేకపోయానంటేనే తెలుస్తోంది కదా, అది ఘనకార్యం కాదని నాకు అప్పుడే తెలుసని.

రెండో ఏడు తొలకరి పడ్డాక, కోర్టువారు పొలం చూసి రమ్మని ఒక కుర్ర ప్లీడరుని కమిషనరుగా పంపించారు. నల్లకోటు విప్పడానికి ధైర్యం చాలక చెమటలు కక్కుతూ వచ్చాడు పాపం. ఆయనతో ఒక సర్వేయరు వచ్చాడు. రిటైరుమెంటుకి దగ్గర పడ్డ మనిషి, గోదావరి జిల్లా నుంచి వచ్చి ఇక్కడే స్థిరపడ్డాడట, “అండీ” లేకుండా మాట రాదు. ఇనప గొలుసు పరిచి, మూడు పొలాలు కలిసే మూల రాయి దగ్గర నుంచి మొదలుపెట్టి, పటం చూసుకుంటూ, ఒక్కొక్క వెదురు గూటం దిగేస్తూ వచ్చాడు. ఊరంతా గట్టు మీదే ఉంది. గూటాలన్నీ మా మళ్ళోనే దిగుతున్నాయి. ఒకటి, రెండు, మూడు. నూతి దగ్గరికి వచ్చేసరికి, గూటాల మధ్య కట్టిన తాడు నూతి అంచుని కోసుకుంటూ పోయింది. నూతిలో ఓ జానెడు మేర నీళ్ళు అవతలివాళ్ళవి!

గట్టు తాత కొడుకు గొంతు లేచింది. “సూసినారా? ముసిలోడు ఎలగ మింగేసినాడో సూసినారా?” అని అరిచాడు. మా తాతయ్య మొహంలో నెత్తురు చుక్క లేదు. “నాను జరపనేదు బాబూ. మా అమ్మతోడు, నాను జరపనేదు” అని ఆ సర్వేయరు చేతులు పట్టుకున్నాడు. మా తాతయ్య ఒకరి చేతులు పట్టుకోవడం నేను అంతకు ముందు చూడలేదు. ఏడుపు వచ్చింది నాకు.

సర్వేయరు చేతులు విడిపించుకోలేదు. గట్టు వంక చూశాడు, గట్టు తాత వంక చూశాడు, మళ్ళీ మా తాతయ్య వంక చూశాడు. “పెద్దాయనా, ఏటా ఈ గట్టు పని మీరెలా చేస్తారో ఒక్కసారి చేసి చూపిస్తారాండీ?” అన్నాడు. కమిషనరు కంగారు పడిపోయాడు. గట్టు ముట్టుకోకూడదని ఉత్తర్వు ఉంది కదా! చివరికి రెండు గజాల మేర మాత్రం చెయ్యొచ్చని కాగితం రాసి, ఇద్దరి చేతా వేలిముద్రలు వేయించుకుని ఒప్పుకున్నాడు.

రెండు గజాల మేర గడ్డి పీకించి, గట్టుకి నట్టనడుమ ఒక వెదురు గూటం పాతాడు సర్వేయరు. పార ఇవ్వగానే మా తాతయ్య మొహానికి కళ తిరిగి వచ్చింది. రెండేళ్ళ నుంచి చెయ్యని పని! పంచె పైకి దోపి, ఒక్క ఊపున మా వైపు పక్కని చెక్కేశాడు. రెండు వేళ్ళ మందం, ఎక్కడా ఎక్కువ లేదు, తక్కువ లేదు. చెక్కిన మట్టి మా మళ్ళో పడింది. సర్వేయరు గట్టు తాత వైపు తిరిగి మీరు కూడా కానివ్వండి అన్నాడు. ఆయన తన మళ్ళోకి దిగి బురద ఎత్తి తన వైపు మెత్తాడు. అరచేత్తో సాపు చేశాడు. అదీ రెండు వేళ్ళ మందమే.

“ఇది మొదటేడు. ఇప్పుడు రెండో ఏడండీ,” అన్నాడు సర్వేయరు.

జనం నవ్వారు. ముసలాళ్ళిద్దరూ మళ్ళీ చేశారు. ఆయన చెక్కాడు, ఈయన మెత్తాడు. మూడో ఏడు, నాలుగో ఏడు. ఇద్దరికీ పట్టుదల వచ్చేసింది, నాది బాగుందంటే నాది బాగుందని. “ఏటి బావా, ఆ మెత్తడం? ఏనుగుకి పసుపు రాసినట్టు” అని మా తాతయ్య నోరు జారాడు. రెండేళ్ళలో ఆయనతో అన్న మొదటి మాట అది. “నువ్ గీసుకో బావా, గడ్డం గీసుకో” అన్నాడు గట్టు తాత. అని, ఇద్దరూ ఉలిక్కిపడి మొహాలు తిప్పేసుకున్నారు.

ఆరో ఏడు చెక్కుతుండగా మా తాతయ్య పార ఠక్కున ఆగింది. ఎదురుగా వెదురు గూటం. గట్టు నడుమ పాతిన గూటం కదా అది, ఇప్పుడు గట్టుకి బయట, మా మళ్ళో, ఒంటరిగా నిలబడి ఉంది. గూటం కదల్లేదు. అందరి కళ్ళ ముందూ గట్టే నడిచి అవతలికి వెళ్ళిపోయింది.

జనం ఒకరి మీద ఒకరు పడి ఆ గూటాన్ని చూశారు. తర్వాత సర్వేయరే అన్నాడు, కోపంగా కాదు, పిల్లలకి లెక్క చెప్పినట్టు. “ఆయన ఎన్నడూ మెత్తలేదండీ, ఈయన ఎన్నడూ చెక్కలేదు. ఇద్దరూ తమ వైపు శుభ్రంగానే చూసుకున్నారు. ఏడాదికి రెండు వేళ్ళ మందం. ముప్ఫై ఏళ్ళండీ.”

అప్పుడు మా నాయనమ్మ నోరు తెరిచింది. “ఓలమ్మో! అదేటి మరి! నుయ్యి తవ్విన కొత్తలో గట్టు మీదే నిలబడి సేద ఏసేదాన్ని. ఇప్పుడు రెండడుగులు ఎయ్యాల్సొత్తంది. నానేమో ముసిల్దాన్నయిపోనాను, మోకాళ్ళు పట్టేసినాయి, అందుకే దూరమైపోనాది అనుకున్నాను!” అంది. ఎంత నవ్వులాటో! కమిషనరు కూడా నవ్వాడు. గట్టు తాత నవ్వు ఆపుకోలేక తన గట్టు మీదే చతికిలబడ్డాడు. మా తాతయ్య ఒక్కడే నవ్వలేదు. ఆ గూటం దగ్గర పార పట్టుకుని అలాగే నిలబడిపోయాడు. ముప్ఫై ఏళ్ళ పాటు తను మురిసిపోయిన పనే తనని ఇంత దూరం తెచ్చిందని ఆయనకి అర్థమయింది.

ఇక్కడితో తగువు తీరిపోయిందనుకుంటే పొరపాటే. ఎవరూ దొంగ కాదని తేలింది, సరే. నుయ్యి ఎవరిదో తేలాలి కదా! ఆ తర్వాతి వాయిదాకి మా బడికి సెలవు కావడం వల్ల తాతయ్య నన్ను కూడా తీసుకెళ్ళాడు. వరండాలో మా ప్లీడరుగారు తాతయ్యని ఒక స్తంభం పక్కకి పిలిచి, గొంతు తగ్గించి చెప్పాడు. కొలత వాళ్ళకి అనుకూలంగా వచ్చినా బెంగ లేదట. పన్నెండేళ్ళు దాటి మన స్వాధీనంలో ఉంది కనక భూమి మనకే నిలబడుతుందట. కాకపోతే ఒక్క ముక్క చెప్పాలి. ఆ భూమి ఆయనదని తెలిసే, ఆయన కళ్ళెదుటే, ఇది నాదని దున్నుకున్నాను అని చెప్పాలి. తెలియక దున్నానంటే కుదరదు.

మా తాతయ్య చాలాసేపు ఆలోచించాడు. “అంటే బాబూ, గెలవాలంటే తెలిసే తినేసినానని సెప్పాల?”

“అది తినెయ్యడం కాదయ్యా, స్వాధీనం అంటారు.”

“మీరేటైనా అనండి. నాను దొంగని కాదని సెప్పుకోడానికే గదా బాబూ రెండేళ్ళ బట్టి ఈ బస్సెక్కుతన్నాను.”

ప్లీడరుగారు వచ్చే వాయిదా దాకా ఆలోచించుకోమన్నాడు. ఆ పదిహేను రోజులూ మా తాతయ్య నిద్రలేమి కళ్ళతో తిరిగాడు. నాకు ఆయన దేవుడేమీ కాదండోయ్, మనిషే. నూతి చుట్టూ తిరిగేవాడు. లోపలికి తొంగి చూసేవాడు. తవ్వినన్నాళ్ళూ ఇరవై అడుగుల లోతున మట్టి తట్టలు అందించిన చేతులు ఆయనవి. తొమ్మిది మంది నోళ్ళు ఆ నీళ్ళ మీద ఉన్నాయి. ఒక మధ్యాహ్నం అన్నం తింటూ తింటూ, ఏటి సెయ్యమంటావే అని నాయనమ్మని అడిగాడు. మా నాయనమ్మ నీళ్ళ కోసం అందరికంటే ఎక్కువ భయపడ్డ మనిషి. గెలవమనే చెబుతుందనుకున్నాను నేను.

“నీ ఇష్టం” అంది ఆవిడ. చారు వడ్డిస్తూ అంది. “నువ్ అలగ సెప్పి గెలిసినావనుకో, నాను రోజూ నీళ్ళకెళ్ళాల గదా. ఆ రెండడుగులూ రోజూ నానే ఎయ్యాల. ఇన్నాళ్ళూ నా మోకాళ్ళ వల్లనుకుని ఏసినాను. ఇప్పుడేటనుకుని ఎయ్యమంటావు?”

తాతయ్య అన్నం మొత్తం తిని లేచాడు.

వాయిదా రోజున నేను మళ్ళీ వెంట పడ్డాను. ఏడ్చి గోల చేస్తే తీసుకెళ్ళాడు. కోర్టు హాలు నేను ఊహించుకున్నంత పెద్దది కాదు. పైన పంకా కిర్రుకిర్రుమంటోంది. జడ్జిగారు కమిషనరు ఇచ్చిన కాగితాలు తిప్పుతున్నారు. బోనులో నిలబడ్డ మా తాతయ్య, ప్లీడరుగారు అడిగే దాకా కూడా ఆగలేదు. “బాబూ, ఆ నేల మా బావది. నాకు తెలీక తిన్నాను. తెలిసి తిన్నానని మాత్రం సెప్పలేను. గట్టు ఎక్కడ ఎయ్యమంటే అక్కడ ఏసేత్తాను” అన్నాడు. మా ప్లీడరుగారు తల పట్టుకున్నాడు. నేను కళ్ళు మూసుకున్నాను. నుయ్యి పోయింది అనుకున్నాను.

గట్టు తాత వైపు ప్లీడరు కూడా ఆశ్చర్యపోయాడు. ఇవతలివాళ్ళు పన్నెండేళ్ళ మాట ఎత్తుతారేమో, ఎత్తితే మనం ఓడిపోతామని ఆయన అప్పటికే గట్టు తాతకి చెప్పి ఉంచాడట. ఈ సంగతి తర్వాత తెలిసింది మాకు. అంటే మా తాతయ్య చేతిలో ఏముందో, దేన్ని వదిలేశాడో గట్టు తాతకి బాగా తెలుసు. ఆయన కూర్చున్నచోటు నుంచి లేచాడు. కొడుకు చొక్కా పట్టుకుని లాగుతున్నా లేచాడు. దండం పెట్టి, “బాబూ, ఆ నుయ్యి తవ్విన్నాడు నాను కూడా మట్టి మోసినాను. దాన్ని పూడ్సడానికి నాను ఒప్పుకోను. గట్టు సరిసేసుకుంటాం. నీళ్ళు ఇద్దరం తోడుకుంటాం” అన్నాడు. కొడుకు ఏదో అనబోతే, “నువ్ కూకో ఎహె” అని కసిరాడు. జడ్జిగారు కళ్ళజోడు తీసి తుడుచుకున్నారు. అలా రాజీ రాసుకున్నారు. భూమి గూటాల ప్రకారం, నుయ్యి ఉమ్మడి.

వచ్చేటప్పుడు బస్సులో ఇద్దరూ ఒకే సీట్లో కూర్చున్నారు. ఏమైనా గొప్ప మాటలు చెప్పుకుంటారేమోనని నేను చెవులు రిక్కించాను. దారి పొడుగునా ఎరువుల గురించీ, ఎవరిదో తప్పిపోయిన దూడ గురించీ మాట్లాడుకున్నారు.

కొత్త గట్టు వేసేటప్పుడు, వెళుతూ వెళుతూ సర్వేయరు అన్న మాట ఇద్దరూ పాటించారు. ఏటా ఒకే రోజున, మా వైపు గట్టు తాత చెయ్యాలి, ఆయన వైపు మా తాతయ్య చెయ్యాలి. ఎటు చెక్కినా, ఎంత చెక్కారో అంతే మళ్ళీ మెత్తాలి, అప్పుడు గట్టు కదలదు. దాంతో చూడాలి ఆ గట్టు అందం! గట్టు తాత చెక్కితే ఎలకలు కొరికినట్టుండేది. మా తాతయ్య మెత్తితే పిడకలు కొట్టినట్టుండేది. ఒకర్నొకరు తిట్టుకుంటూనే చేసేవారు. దారిన పోయేవాళ్ళు నవ్వేవారు. మా తాతయ్య మాత్రం ఆ గతుకుల గట్టు ముందు కూడా నాలుగడుగులు వెనక్కి వేసి, నడుం మీద చెయ్యి పెట్టుకుని అలాగే చూసుకునేవాడు.

ఇక నా సంగతి. గట్టు వెనక్కి వచ్చింది, నుయ్యి మిగిలింది, అందరూ బాగున్నారు. నేను అన్న మాట ఒక్కటే ఎక్కడికీ పోలేదు. గట్టు తాత కనిపిస్తే తప్పుకుని తిరిగేదాన్ని. ఆ చలికాలం కందులు మళ్ళీ కాశాయి. ఒక సాయంత్రం నేను నూతి దగ్గరుండగా ఆ కేక వినబడింది. “ఓలే గుంటా, దా, తిను.” అదే గొంతు, అదే మాట, అదే తుండుగుడ్డ. నేను చేద తాడు పట్టుకుని అక్కడే ఉండిపోయాను. ఆయనే వచ్చి మూట నూతి గట్టు మీద పెట్టి విప్పాడు. కాయలు ఇంకా పొగలు కక్కుతున్నాయి. నేను ఒకటి తీసుకున్నాను. నోట్లో పెట్టుకోగానే వెక్కి వెక్కి ఏడ్చాను. “కారంగా ఉన్నాయేటి? ఉప్పే గదా ఏసినాను” అన్నాడాయన. అంతే. ఆ పాత సంగతి ఆ రోజు ఎత్తలేదు, ఆ తర్వాత ఎత్తలేదు, పోయేదాకా ఎత్తలేదు. ఎప్పటికైనా ఎత్తుతాడని, అప్పుడు తప్పయిందని చెప్పాలని నేను ఏళ్ళ తరబడి ఎదురుచూశాను. నేనే ముందుగా చెప్పి ఉండొచ్చు కదా అంటారా? అదే నా వెలితి.

ఇప్పుడు నాకు అరవై దాటాయి. ఆ పొలాలన్నీ ఇళ్ళయిపోయాయి. నూతి మీద పలక వేసి మూసేశారు. నేను విశాఖలో ఒక అపార్టుమెంటులో ఉంటున్నాను. నాకు నోరెక్కువని మా ఇంట్లోనూ పేరుంది, మెట్ల మీదా పేరుంది. నిజమే, మాది చెక్కే వంశం. నా ఇల్లు, నా వరండా, నా మాట తీరు, అన్నీ శుభ్రంగా చెక్కి పెట్టుకుంటాను. చెక్కిన ప్రతిసారీ నా వైపే కదా చేసుకుంటున్నాను, ఎవరి జోలికి వెళ్ళాను అనుకుంటాను. కొన్నేళ్ళయ్యాక చూస్తే, దగ్గరగా ఉన్న మనిషి రెండడుగుల దూరంలో ఉంటారు. ఎవరైనా ఎందుకో దూరమయ్యారనిపించినప్పుడు, వాళ్ళేం చేశారని అడగడం మానేసి, ఈ మధ్య నేను ఎంత మందాన చెక్కుతున్నానో చూసుకోవడం ఆ రోజు నుంచి నేర్చుకున్నాను. ఎప్పుడూ గుర్తుంటుందని చెప్పను. ఆలస్యంగానైనా గుర్తొస్తుంది.

మొన్న పై అంతస్తు ఆవిడతో నీళ్ళ గురించే మాటా మాటా వచ్చింది. ఆవిడ కుండీల నీళ్ళు మా బట్టల మీద పడుతున్నాయని అసోసియేషనుకి ఫిర్యాదు రాసి, సంతకం కూడా పెట్టేశాను. అది ఇద్దామని కిందికి దిగితే, గేటు దగ్గర ఒకామె పచ్చి కందికాయలు అమ్ముతోంది. ఫిర్యాదు కాగితం మడిచి సంచిలో పెట్టేసి కొన్నాను. ఉప్పేసి ఉడకబెట్టి, వేడిగా ఉండగానే గిన్నె పట్టుకుని పైకి వెళ్ళాను. తలుపు తీసిన ఆవిడ గిన్నె వంకా నా వంకా మార్చి మార్చి చూసింది. పక్కకి తప్పుకుందామా, చెయ్యి చాపుదామా అని తేల్చుకోలేని చూపు. ఆ చూపు నాకు తెలుసు, పదకొండో ఏట నూతి దగ్గర నిలబడి నేనూ అలాగే చూశాను. అందుకే ఆవిడ ఏమీ చెప్పక్కర్లేకుండా, గిన్నె ముందుకు చాపి, ముందు నేనే ఒక కాయ తీసుకుని నోట్లో పెట్టుకున్నాను.